ప్రశ్నకి బదులుగా శాలువా

“ఆ చీరకి ఇస్త్రీ ఆపండి అత్తయ్యా. నేను రావడం లేదని చెప్తున్నానా.”

జయశ్రీ ఆపలేదు. వంకాయరంగు పట్టుచీర మీద పాత నూలుగుడ్డ పరిచి ఇస్త్రీపెట్టెని నెమ్మదిగా నడిపిస్తూనే ఉంది. కోడలి మాట వినపడక కాదు. విని ఏం చెయ్యాలో తెలియక.

“కట్టుకోకపోతే మడతపెట్టి లోపల పెడతాను. ఇస్త్రీ చేస్తే చీరకేం నష్టం?” అంది చివరికి.

టేబుల్ మీద కాత్యాయని ఫోను మళ్లీ గుయ్యిమంది. పొద్దుట్నుంచీ ఇదే వరస. కెల్లీవిల్‌లో ఉన్న తెలుగువాళ్లందరికీ ఒకేసారి ఆమె మీద ప్రేమ పుట్టుకొచ్చినట్టుంది. ‘కంగ్రాట్స్ అండీ’, ‘ప్రౌడ్ ఆఫ్ యూ’, రెండు చేతుల దండాలు, పూలగుత్తులు. వాటన్నిటి పైన ఆ రంగురంగుల ఆహ్వానం.

ఆహ్వానంలో ఎడమవైపు ఆమె ఫోటో. పోయినేడాది జాతీయ పురస్కారం వచ్చినప్పటిది, చేతిలో గాజు జ్ఞాపికతో. కుడివైపు అంతే సైజులో చలపతి ఫోటో, నమస్కారం పెడుతూ. ఇద్దరి మధ్యా బంగారు అక్షరాలు: మన తెలుగింటి ఆడపడుచు, ప్రముఖ పరిశోధక పాత్రికేయురాలు శ్రీమతి కాత్యాయని గారికి ఘన సన్మానం. శాలువా సత్కారం, శ్రీ చలపతి గారి చేతుల మీదుగా.

సోఫాలో లక్ష్మీనారాయణ గారు అప్పుడే పంచె కట్టుకుని కూచున్నారు. సభ సాయంత్రం నాలుగింటికి. ఆయన తొమ్మిదికే తయారు.

“నన్నొక్క మాట అడగాల్సింది మామయ్యగారూ.”

“అడగాల్సిన విషయమా అమ్మా అది? మంచి పని చేస్తే నలుగురూ పిలుస్తారు. వెళ్లి, కూచుని, దణ్ణం పెట్టి వస్తాం. నరసరావుపేటలో పాఠాలు చెప్పినన్నాళ్లూ శాలువా వద్దన్నవాణ్ణి ఒక్కణ్ణి చూళ్లేదు. ఎవడన్నా అన్నాడూ అంటే రెండోది కూడా తెమ్మని.”

మామూలు రోజయితే కాత్యాయని నవ్వేది.

“నా సంగతి వేరు.”

“ఏం వేరు? ఆ రోజు పెద్ద హోటల్లో నీకు అవార్డిచ్చారే, నేనూ వచ్చాగా. ఏం చేశారు వాళ్లు? కాట్యా అని పిలిచారు. ఆ గాజుముక్క చేతిలో పెట్టారు. నాలుగు మాటలు మాట్లాడబోతే మ్యూజిక్ కొట్టేశారు.” పెద్దాయన కళ్లజోడు తీసి పంచెకొంగుతో తుడుచుకున్నారు. “నా కోడలి పేరు నిండుగా పిలిచే సభ ఒక్కటి చూడాలనుకున్నాను. అదీ తప్పేనా?”

  తిట్టేవాళ్లకి ఎదురు చెప్పడం కాత్యాయనికి కొత్త కాదు. ప్రేమగా గోతిలోకి తోసేవాళ్లకి ఎలా ఎదురు చెప్పాలో ఏ ఉద్యోగంలోనూ నేర్పలేదు.

పైగా ఆయనకి ఈ సభ ఎందుకంత కావాలో ఆమెకి తెలుసు. ఈ దేశం వచ్చిన కొత్తలో లక్ష్మీనారాయణ గారు పార్కులో మనవరాలి బండి తోసే ముసలాయన, అంతే. చలపతి వచ్చి ‘మాస్టారూ’ అని కాళ్లకి దణ్ణం పెట్టి, తెలుగు సంఘానికి సలహాదారుగా వేసుకున్నాకే ఆయన మళ్లీ నిటారుగా నడిచారు.

ఇంక దాచి లాభం లేదనుకుంది.

“ప్రసారమయ్యేదాకా బయట చెప్పకూడదని మా టీవీ చానల్లో రూలు ఉంది కాబట్టి ఇంట్లో ఇన్నాళ్లూ చెప్పలేదు. నేనిప్పుడు చేస్తున్న కథనం చలపతి గారి మీదే.”

ఇస్త్రీపెట్టె ఆగింది.

“మన చలపతి మీదా?” అన్నారు లక్ష్మీనారాయణ గారు.

“మన చలపతి మీదే.”

“అతనేం చేశాడు? పిల్లలకి పనులిప్పిస్తున్నాడు. వృద్ధాశ్రమాలకి పంపిస్తున్నాడు. పుణ్యం కాదూ అది?”

“మంచం మీదున్న మనిషిని లేపాలంటే ఇద్దరుండాలి మామయ్యగారూ. ఆయన ఒక్కర్నే పంపిస్తాడు. అలా లేపబోయి ఒకమ్మాయి నడుం పోయింది. ఆస్పత్రిలో ఏం చెప్పమన్నారో తెలుసా? ఇంట్లో బాత్రూంలో జారిపడ్డానని చెప్పమన్నారు. నిజం చెప్తే నీ వీసా ఉండదన్నారు.”

“వీసాకీ దీనికీ ఏమిటే సంబంధం?” అని జయశ్రీ మెల్లిగా అడిగింది.

“చదువుకోడానికొచ్చిన పిల్లలు ఇన్ని గంటలే పనిచెయ్యాలని లెక్క ఉంది అత్తయ్యా. ఆ హద్దు దాటించేదీ వీళ్లే. దాటావు కదా, పట్టిస్తామని బెదిరించేదీ వీళ్లే.”

“ఎవరో పిల్ల ఏదో చెబితే...” పెద్దాయన మాట మధ్యలో ఆపేశారు.

“ఎవరో కాదు. నేను చూసిన పిల్ల. కూచుంటే లేవలేదు. లేస్తే కూచోలేదు.”

 పెరట్లో పక్కింటి కుక్క మొరిగి ఊరుకుంది.

“పోనీ ఇవాళ్టికి వెళ్లు. రేపట్నుంచి ఏం రాసుకుంటావో రాసుకో,” అన్నారాయన. నిజంగానే దారి చూపిస్తున్నాననుకుని.

“అందుకేగా ఆయన కప్పేది. మూడు వారాల కిందట ఆయనకి ప్రశ్నలు పంపాను. ఇంతవరకూ జవాబు రాలేదు. శాలువా వచ్చింది.”

లక్ష్మీనారాయణ గారు లేచారు. “నేను మాటిచ్చాను,” అన్నారు ఎటో చూస్తూ. గదిలోకి వెళ్లి తలుపు చప్పుడు కాకుండా వేసుకున్నారు. ధడాలున వేసినా బాగుండేది.

*

నడుం పోయిన ఆ అమ్మాయి, లిఖిత, ఫోను వచ్చేసరికి కాత్యాయని బట్టలుతికే గదిలో ఉంది. ఇంట్లో ఎవరి చెవినా పడకుండా మాట్లాడే చోటు అదొక్కటే.

“అక్కా, ఫోటో చూసిన.”

“లిఖితా, నేను చెప్పేది విను...”

“మా ఇంట్ల ఉండే పిల్లలందరు చూసిన్రు. సార్ పక్కన నువ్వు. సార్ నీకు శాలువ కప్పుతడట.” గొంతులో కోపం లేదు. ఆ లేకపోవడమే కాత్యాయనికి గుచ్చుకుంది. “నన్ను చూసి నవ్వుతున్నరక్కా. ఆమెను గూడ కొనుక్కున్నడు, నీ కథ ఇగ అయిపోయిందంటున్నరు.”

“నేను వెళ్లడం లేదు. నన్నడక్కుండా వేశారది.”

“నిన్ను అడగకుండ నీ ఫోటో ఎవలేస్తరక్కా?”

ఇంట్లో మామగారే ఒప్పుకుని ఇచ్చారని ఎలా చెప్పడం. చెప్పినా అది ఇంకా పెద్ద గొయ్యి.

“మంగళవారం కెమెరా ముందట మాట్లాడుతనన్న గదా,” అంది లిఖిత. “నేను మాట్లాడ. నాతోటి ఉన్న పిల్లలు గూడ మాట్లాడరట. ఏమనుకోకు. మాకెవరున్నరక్కా ఈడ? నువ్వున్నవనుకున్నం.”

ఫోను పెట్టేసింది.

కాత్యాయని వాషింగ్ మెషిన్ మీద చెయ్యి ఆనించి నిలబడింది. ఆ మెషిన్ అదురు అరచేతిలోంచి మోచేతిదాకా వస్తోంది. ఈ పిల్ల నోరు విప్పడానికి టూంగాబీలో చలపతి ఈ పిల్లల్ని ఉంచిన ఇంటికి ఎన్నిసార్లు వెళ్లింది తను. మొదట్లో తలుపే తియ్యలేదు. తీశాక టీ ఇచ్చింది, మాటివ్వలేదు. నొప్పి ఎలా ఉందని మాత్రమే అడిగి తిరిగొచ్చిన రోజులెన్నో. అదంతా ఒక్క ఫోటోతో పోయింది.

హెలెన్‌కి ఫోను చేసింది. చానల్లో ఆమె పై ఎడిటర్. ఆదివారాలు రేడియోలో జీతం లేకుండా తెలుగు వార్తలు చదువుకునే కాత్యాయనిని, ఆ తర్వాత పేట పత్రికలో చెత్తబుట్టల గొడవలు రాసుకునే కాత్యాయనిని పెద్ద పనిలోకి లాక్కొచ్చిన మనిషి ఆమె. నీ యాసతో టీవీలో పనికిరావని మిగతావాళ్లు అంటుంటే, అడిగే ప్రశ్న అర్థమైతే చాలని వాదించింది. వృద్ధాశ్రమాల వంటిళ్ల మీద కాత్యాయని చేసిన కథనానికి అవార్డొచ్చినప్పుడు ఏడ్చింది కూడా హెలెనే.

హెలెన్ అంతా విని సూటిగా చెప్పింది. “అక్కడికి మాత్రం వెళ్లకు. వార్త ఆయన మీద రావాలి గానీ నీ మీద రాకూడదు. నువ్వా స్టేజీ ఎక్కితే, ఏ కారణానికి ఎక్కినా సరే, ఇది ఇంకొకరికి ఇచ్చేస్తాను. నాకు వేరే దారి ఉండదు.”

“వెళ్లి అందరి ముందూ వద్దనకపోతే ఆ అమ్మాయి నన్ను నమ్మదు, మాట్లాడదు.”

“సోమవారం వెళ్లి నచ్చజెప్పు.”

సోమవారానికి ఆ ఫోటో లిఖిత ఊరిదాకా పోతుందని హెలెన్‌కి తెలీదు. శాలువా అంటే ఏమిటో తెలీదు. అదొక గుడ్డ అనుకుంటోంది ఆమె.

వెళితే పని పోతుంది. వెళ్లకపోతే పిల్ల పోతుంది. అడకత్తెరలో పోకచెక్కయిపోయింది కాత్యాయని బతుకు.

*

సింధుని ఈతకి తీసుకెళ్లిన ఆదర్శ్ మధ్యాహ్నానికి తిరిగొచ్చాడు. తడి తువ్వాలు, ఒక్క చెప్పూ, ఆకలీ వెంటేసుకుని ఏడేళ్ల సింధు లోపలికి పరిగెత్తింది. ఆదర్శ్ గుమ్మంలోనే ఇంట్లో వాతావరణం కనిపెట్టేశాడు.

“నాన్న గదిలోంచి రావట్లేదు. అమ్మ అన్నం పెట్టేసి మాట్లాడట్లేదు. ఏమైంది కాత్యా?”

చెప్పింది. వింటున్నంతసేపూ సింధు జుట్టు తుడుస్తూనే ఉన్నాడు. ఆ పిల్ల ‘డాడ్, యూ ఆర్ హర్టింగ్ మీ’ అనేదాకా.

“సరే, నువ్వు వెళ్లకు. నీకు జ్వరమని చెప్పేస్తా. ఈ రోజు గడిచిపోతే చాలు, ఎల్లుండికి అందరూ మర్చిపోతారు.”

“జ్వరం ఎందుకు? రానంది అని చెప్పు.”

“రానంటే నాన్న తలెత్తుకోగలడా అక్కడ?”

“ఆ పిల్ల నడుం పోగొట్టిన మనిషి తలెత్తుకుని తిరుగుతున్నాడు. మన తలలే ఎందుకు దించుకోవాలి?”

“నీకు ప్రతిదీ యుద్ధమే,” అన్నాడు ఆదర్శ్ విసుగ్గా. “వీకెండ్ వస్తే ఒక పూట ప్రశాంతంగా ఉందామంటే కుదరదు ఈ ఇంట్లో. మనం ఇక్కడే బతకాలి. పిల్ల ఇక్కడే పెరగాలి. రేపు దాని బర్త్‌డేకి ఎవరొస్తారు?”

బర్త్‌డే మాటకి సింధు తలెత్తి ఇద్దరినీ మార్చి మార్చి చూసింది.

కాత్యాయని పిల్ల కంచంలోకి పెరుగన్నం కలిపింది. అవుననలేదు, కాదనలేదు. అలిసిపోయింది. ఆ మౌనాన్ని ఆదర్శ్ తనకి కావలసినట్టు అర్థం చేసుకున్నాడు. ఫోను తీసుకుని పెరట్లోకి వెళ్లడం ఆమె చూసింది. ఆపలేదు. తర్వాత చాలాసార్లు అనుకుంది, అక్కడే ఆపాల్సిందని.

మూడున్నరకి లక్ష్మీనారాయణ గారు బయటికొచ్చారు. కోడలి వైపు చూడకుండా కారెక్కారు. జయశ్రీ ఒకసారి వెనక్కి తిరిగి చూసి వెళ్లింది. ఆదర్శ్ కారు వీధి మలుపు తిరిగింది.

 రద్దు చేసుకుని వచ్చేస్తారులే అనుకుంది కాత్యాయని. పెద్దాయన ఎంత మొండివాడైనా అన్యాయం మనిషి కాదు.

“అమ్మా.” సింధు ఐప్యాడ్ పట్టుకుని వచ్చింది. “తాతయ్య ఈజ్ ఆన్ ది లైవ్. దే సెడ్ యూ ఆర్ సిక్.”

తెర మీద వేదిక. పూలదండల వెనక కుర్చీలు. మైకు ముందు ఒక కుర్రాడు గొంతు సవరించుకుని చెబుతున్నాడు. “కాత్యాయని గారు తీవ్రమైన జ్వరంతో రాలేకపోయినా, ఆవిడ మనసంతా ఇక్కడే ఉంది. ఆవిడ తరఫున మామగారు, మన మాస్టారు, ఈ సన్మానాన్ని స్వీకరిస్తారు. దానికి ముందు పిల్లల నృత్యాలు, అధ్యక్షులవారి సందేశం.”

రెండో కుర్చీలో లక్ష్మీనారాయణ గారు కూచుని ఉన్నారు, ఫోటోకి కూచున్నట్టు.

తన తరఫున. తను ఇంట్లో కూచుంటే ఆగుతుందనుకుంది. ఆగలేదు. తను లేకుండానే తన మెడకి చుట్టేస్తున్నారు.

సింధు తల్లి నుదుటి మీద చెయ్యి వేసి చూసింది, తనకి ఒళ్లు వెచ్చబడినప్పుడు అమ్మ చూసినట్టే. “యూ ఆర్ నాట్ హాట్. ఆర్ యూ సిక్, అమ్మా?”

“లేదమ్మా.”

“దెన్ వై డిడ్ దే సే దట్?”

కాత్యాయని కారు తాళాలు తీసుకుంది. “చెప్పులేసుకో. రెండూ వేసుకో.”

*

మన సభలు టైముకి జరగవు. ఆ జబ్బే ఇవాళ ఆమెకి కలిసొచ్చింది. సన్నీహోల్ట్ రోడ్డు మీద ప్రతి సిగ్నలూ ఎర్రగానే ఎదురైనా, బ్లాక్‌టౌన్ హాల్లోకి అడుగుపెట్టేసరికి అధ్యక్షులవారి సందేశం ఇంకా సాగుతూనే ఉంది. వెనక వరసల్లో సగంమంది సమోసాల దగ్గర ఉన్నారు.

జీన్స్, నలిగిన చొక్కా. ముడేసిన జుట్టు. చేతిలో పిల్ల చెయ్యి.

ముందు వరసలోంచి ఆదర్శ్ చూసి గబగబా ఎదురొచ్చాడు. “కాత్యా, ఇంటికి పద.”

“ఎవరికి జ్వరం?”

“ఇక్కడ కాదు. ప్లీజ్.”

“పిల్ల అడిగింది ఆదర్శ్. నా ఒక్కదాని విషయమైతే ఎలాగో సర్దుకునేదాన్ని. అది అడిగింది. దానికేం చెప్పమంటావు?”

అతను తప్పుకోలేదు. ఆమె అతని పక్కనుంచి వెళ్లింది. సింధు చెయ్యి అతని చేతిలో పెట్టి మరీ వెళ్లింది.

మెట్లెక్కుతుంటే చలపతే ముందు చూశాడు. యాభై ఏళ్ల మనిషి, తెల్లటి లాల్చీ, ఎవరినైనా సొంత చెల్లెలిలా పలకరించే ముఖం. ఒక్క క్షణం తడబడ్డాడు. ఆ వెంటనే అధ్యక్షుడి చేతిలోంచి మైకు అందుకున్నాడు.

“చూశారా, అభిమానం అంటే ఇదీ. ఒళ్లు కాలిపోతున్నా మన ఆడపడుచు మన కోసం వచ్చేసింది. గట్టిగా చప్పట్లు.”

చప్పట్లు మోగాయి. అతను పళ్లెంలోంచి శాలువా విప్పి రెండు చేతుల్తో పరిచాడు. మెరూన్ రంగు, జరీ అంచు. కెమెరా వైపు తిరిగి అడుగు ముందుకేశాడు.

కాత్యాయని వెనక్కి జరగలేదు. శాలువా భుజానికి అందేలోపు అతని చేతిలోని మైకు తీసుకుంది. శాలువా పట్టుకున్న చేతుల్తో అతను మైకు గట్టిగా పట్టుకోలేకపోయాడు.

“నమస్కారం. నాకు జ్వరం లేదు.”

హాల్లో ఎవరో నవ్వారు. జోకనుకున్నారు పాపం.

“మీరంతా నా మీద చూపించిన అభిమానానికి దణ్ణం. కానీ ఈ శాలువా నేను తీసుకోను. నా తరఫున ఎవరూ తీసుకోవడానికీ ఒప్పుకోను. చలపతి గారి కంపెనీ మీద నేనొక కథనం చేస్తున్నాను. ఎవరి గురించి రాస్తున్నామో వాళ్ల చేత కప్పించుకోకూడదు. ఆయనకి ప్రశ్నలు పంపాను. జవాబు చెబితే వింటాను. ఇక్కడ చెప్పినా వింటాను.”

నవ్వు ఆగిపోయింది. సమోసాల దగ్గర గోల కూడా ఆగిపోయింది.

“ఇదేం పద్ధతమ్మా,” అని ఎవరో పెద్దావిడ ముందు వరసలోంచి అంది. “ఇష్టం లేకపోతే రాకపోతే సరి.”

“రాకపోయినా వచ్చినట్టే చేశారండీ,” అంది కాత్యాయని.

చలపతి ముఖం మీద నవ్వు చెక్కుచెదరలేదు. మైకు లేకపోయినా హాలంతా వినపడేలా అన్నాడు. “అలిగింది మన ఆడపడుచు. ఫరవాలేదు, పుట్టింటి మీద అలగకపోతే ఎవరి మీద అలుగుతుంది? కోడలు కాదన్నా మా మాస్టారు కాదనరు.” తిరిగి, ఆ శాలువాని లక్ష్మీనారాయణ గారి భుజాల మీద వేసేశాడు.

కెమెరాలు మెరిశాయి.

పెద్దాయన లేవలేదు. తియ్యలేదు. కోడలి వైపు చూశారు, ఏదో అడుగుతున్నట్టు. ఆ చూపు ఏమిటో కాత్యాయనికి తెలియలేదు. తెలుసుకోవడానికి ఆగలేదు కూడా. మైకు బల్ల మీద పెట్టి దిగిపోయింది.

*

కార్ పార్కులోకి వచ్చేసరికి ఫోన్లో హెలెన్ మిస్డ్ కాల్స్. మళ్లీ మోగింది.

“లైవ్ నాకెవరో పంపించారు,” అంది హెలెన్.  “నువ్వేమన్నావో నాకర్థం కాలేదు. వాళ్ల ముఖాలు మాత్రం అర్థమయ్యాయి. ఇది సంజయ్‌కి ఇచ్చేస్తున్నాను కాత్యాయనీ. ఇప్పట్నుంచి నువ్వు దీని మీద పనిచెయ్యకూడదు.”

“సరే.”

“సరే అంటే?”

“నువ్వు చెప్పాల్సింది చెప్పావు. నేను చెయ్యాల్సింది చేశాను.”

కారు తలుపు తీస్తుంటే వెనకాల గాజుల చప్పుడు. జయశ్రీ. సింధు ఆవిడ కొంగు పట్టుకుని ఉంది.

“మామయ్యగారేరి?”

“ఇంకా స్టేజీ మీదే ఉన్నారు. దిగడానికి కాళ్లు రావట్లేదు.” జయశ్రీ కోడలి దగ్గరికొచ్చి గొంతు తగ్గించింది. “ఆ పిల్ల నడుం... నిజమేనా?”

“నిజమే అత్తయ్యా.”

“పెళ్లి కావలసిన పిల్లా?”

“ఆ.”

ఆవిడ ఇంకేదో అడుగుతుందనుకుంది కాత్యాయని. సరిగ్గా అప్పుడే ఫోను వెలిగింది. లిఖిత.

“అక్కా, లైవ్ల చూసిన.” ఈసారి గొంతు వేరే ఉంది, పరిగెత్తి వచ్చినట్టు. “అందరం చూసినం. నువ్వట్ల దిగిపోంగనే సార్ మనిషి ఉపేంద్రన్న ఈడికొచ్చిండు. బ్యాగు సర్దుకోమంటున్నడు. ఇప్పుడే ఇల్లు ఖాళీ చెయ్యాల్నట. నేను లేవనన్న. లేవరాదని గూడ చెప్పిన. నువ్వు రా అక్కా. కెమెరా తీస్కొని రా.”

కాత్యాయని అత్తగారి వైపు చూసింది.

“పిల్లని నాకిచ్చి వెళ్లు,” అంది జయశ్రీ. “దానికి అన్నం నేను పెడతాను.”

*

టూంగాబీలో ఆ ఇంటి ముందు గడ్డి మోకాలెత్తు పెరిగి ఉంది. వరండాలో ప్లాస్టిక్ కుర్చీలో లిఖిత, నడుముకి పట్టీ బిగించుకుని. పక్కన ఆమె సూట్‌కేసు. జిప్పు సగమే వేసి ఉంది, ఎవరో హడావిడిగా సర్దినట్టు. గుమ్మంలో మిగతా అమ్మాయిలు గుంపుగా నిలబడి ఉన్నారు, లోపలికీ పోరు, బయటికీ రారు.

మెట్ల మీద ఉపేంద్ర లేచి నిలబడ్డాడు. చలపతి దగ్గర అన్ని పనులూ చేసే మనిషి. మర్యాద ఎక్కువ.

“మేడమ్, ఇది మా ప్రైవేట్ ప్రాపర్టీ అండి. మీరు లోపలికి రాకూడదు.”

“లోపలికి రావట్లేదు. ఫుట్‌పాత్ మీదే ఉన్నాను.”

“కెమెరా ఏదక్కా?” అంది లిఖిత.

“లేదు. ఈ పనిలోంచి నన్ను తీసేశారు ఇప్పుడే. వెనక చానల్ లేదు, లాయర్ లేడు. నేనూ, ఈ ఫోనూ. నువ్వు ఆగుతానంటే సంజయ్ అని ఇంకొకతను వస్తాడు, మంచివాడు, పెద్ద కెమెరాతో వస్తాడు.”

“నాకు సంజయ్ ఎవరో తెల్వదు.” లిఖిత కుర్చీ చేతులు పట్టుకుని కొంచెం కొంచెంగా లేచింది. గుమ్మంలోంచి ఒకమ్మాయి వచ్చి మోచెయ్యి అందించింది. నొప్పికి లిఖిత పళ్లు బిగుసుకున్నాయి గానీ కూచోలేదు. ఒక్కో అడుగే వేసుకుంటూ గడ్డి దాటి ఫుట్‌పాత్ దాకా వచ్చింది. “ఫోనే పెట్టు.”

“వెనకనుంచి తీస్తాను. ముఖం కనపడదు. గొంతు మారుస్తాం. పేరు వెయ్యం.”

“వద్దు. ముంగటనుంచే తియ్. నా పేరు చెప్త. ఊరు చెప్త.”

“లిఖితా, పేరు చెప్తే ఎక్కువ గంటలు చేసిన సంగతి కూడా బయటికొస్తుంది. నీ వీసా...”

“తెలుసక్కా. ఆ బెదిరింపు తిన్నది నేనే గదా, నాకు తెల్వదా.”

ఉపేంద్ర గొంతులో మర్యాద సన్నబడింది. “ఆలోచించుకో చెల్లీ. మీ నాన్నకి ఫోన్ చేస్తా నేను.”

“చెయ్యన్నా. నేను చెప్పేదాక ఆగి, అప్పుడు చెయ్. ఆయనకు గూడ నిజమే చెప్పు, బాత్రూం అని చెప్పకు.”

గుమ్మంలో అమ్మాయిలు ఒకరి వెనకొకరు వరండాలోకి వచ్చారు.

కాత్యాయని ఫోను ఎత్తింది. తెర నిండా లిఖిత ముఖం. ఇరవై మూడేళ్ల పిల్ల. నుదుటి మీద చెమట, కళ్లల్లో బెదురు లేదు. ఇన్నాళ్లూ ఏ మాట కోసం ఈ గడప చుట్టూ తిరిగిందో ఆ మాట చెప్పడానికి పిల్ల సిద్ధంగా ఉంది. నొక్కితే చాలు. నొక్కాక ఆ ముఖాన్ని వెనక్కి తీసుకోలేదు ఎవరూ, తను కూడా.

ఎర్రటి బటన్ మీదికి వెళ్లిన బొటనవేలు అక్కడే ఆగిపోయింది.

లిఖిత అది చూసింది.

“ఏందక్కా,” అంది మెల్లిగా, “ఇప్పుడు నీకు భయమైతున్నదా?”

“అవును,” అంది కాత్యాయని. ఫోను మాత్రం దించలేదు.